కిలోల లెక్క సరే, ఏ1 ఎక్కడ?

2022 ఫిబ్రవరి 12న అనకాపల్లి పక్కన కోడూరులో పోలీసులు పెద్ద మంట వేశారు. నేల మీద కట్టెలు పరిచి, వాటి మీద బ్రౌన్ టేపు చుట్టిన ప్యాకెట్లను, గోనె బస్తాలను వరసగా పేర్చి, అప్పటి డీజీపీ గౌతమ్ సవాంగ్ సమక్షంలో నిప్పంటించారు. ఉత్తరాంధ్ర, తూర్పుగోదావరి జిల్లాల పోలీస్ స్టేషన్లలో పేరుకుపోయిన గంజాయి అది. సుమారు 2 లక్షల కిలోలు. బెల్లం వాసనకు పేరుపడ్డ ఊరి పొలిమేరలో ఆ రోజు లేచిన పొగ వేరు.

ఫొటోలు అన్ని పేపర్లలో వచ్చాయి, రావాల్సినవే. కాకపోతే ఆ 2 లక్షల కిలోలు రెండు సంగతులు చెబుతాయి. పోలీసులు చాలా పట్టుకున్నారన్నది మొదటిది. పట్టుబడిందే ఇంత ఉంటే, చేతికి చిక్కకుండా విశాఖ దాటిపోయింది ఎంత ఉండాలన్నది రెండోది. మొదటిదానికి తూకం ఉంది, రెండోదానికి లేదు. మత్తు పదార్థాల మీద ప్రభుత్వాలు చేసే పెద్ద ఆపరేషన్లన్నిటికీ ఉన్న చిక్కు ఇదే. తూచడానికి వీలైనదాన్నే ఫలితంగా చూపించాల్సి వస్తుంది.

విశాఖ ఎడిషన్ పేపరు రోజూ తిరగేసేవాళ్లకు గంజాయి వార్త అచ్చు ఎలా ఉంటుందో కంఠతా వచ్చేసి ఉంటుంది. ఫలానా చెక్‌పోస్టు దగ్గర వాహన తనిఖీలు, ఇన్ని కిలోలు స్వాధీనం, ఇద్దరో ముగ్గురో అరెస్టు, రెండు సెల్‌ఫోన్లు, ఒక బైకు సీజ్. ఫొటోలో టేబుల్ మీద ప్యాకెట్లు, వెనక ముసుగులు కప్పిన కుర్రాళ్లు, పక్కన సీఐ, ఎస్సై. చివరి వాక్యం ఎప్పుడో గానీ మారదు: ప్రధాన నిందితుడు పరారీలో ఉన్నాడు, గాలిస్తున్నారు. కేసు కాగితాల్లో ఆ పరారీ మనిషే తరచుగా ఏ1, అంటే మొదటి నిందితుడు. ఆపరేషన్ ఎంత పనిచేసిందో తెలుసుకోవాలనుకునేవాళ్లు కిలోల కన్నా ఆ చివరి వాక్యం మీద కన్నేసి ఉంచడం మేలు.

పంట ఎవరిది, పెట్టుబడి ఎవరిది

శీలావతి అనగానే పెద్దవాళ్లకు పతివ్రత కథ గుర్తొస్తుంది. మన్యంలో మాత్రం అది గంజాయి రకం పేరు. ఆ పేరు ఎవరు పెట్టారో గానీ వ్యంగ్యం బాగా తెలిసినవాళ్లే అయ్యుంటారు. చింతపల్లి, గూడెం కొత్తవీధి, జి.మాడుగుల, పెదబయలు, ముంచంగిపుట్టు మండలాల లోపలి గూడేలు, సరిహద్దు అవతల ఒడిశాలోని మల్కాన్‌గిరి, కోరాపుట్ జిల్లాలు కలిపి ఆంధ్ర-ఒడిశా సరిహద్దు ప్రాంతం, పొట్టిగా ఏవోబీ అంటారు. ఎత్తైన కొండలు, చల్లటి గాలి, ఏడాది పొడుగునా పారే వాగులు, బండి వెళ్లలేని ఊళ్లు. దానికితోడు మావోయిస్టుల ప్రాబల్యం వల్ల చాలా ఏళ్లపాటు పోలీసులు తేలిగ్గా అడుగుపెట్టలేని పరిస్థితి. గంజాయికి ఇంతకన్నా అనువైన చోటు దొరకడం కష్టం.

అయితే ఇది గిరిజనులు తమంతట తాము మొదలుపెట్టిన వ్యాపారం కాదు. కేరళలోని ఇడుక్కి కొండల్లో ఒకప్పుడు గంజాయి సాగు జోరుగా ఉండేది. అక్కడ దాడులు గట్టిపడ్డాక ఆ పని తెలిసినవాళ్లలో కొందరు ఇటు మళ్లారు. విత్తనం, సాగు మెళకువ, కొనే మనిషి, మూడూ వాళ్లతోపాటే వచ్చాయి. తమిళనాడు వ్యాపారులూ తోడయ్యారు. అంటే మన కొండల మీద గంజాయి పెరగడంలో, ఇంకో రాష్ట్రంలో విజయవంతమైన ఆపరేషన్‌కు కూడా వాటా ఉంది. ఈ ముక్క గుర్తుపెట్టుకోవాలి, తర్వాత మళ్లీ పనికొస్తుంది.

ఇక్కడే చట్టం తీసుకొచ్చిన ఒక మెలిక ఉంది. 1/70 చట్టం ప్రకారం ఏజెన్సీ భూమి గిరిజనేతరుల చేతికి వెళ్లకూడదు. గిరిజనుల భూమిని కాపాడడానికి వచ్చిన మంచి చట్టమే. గంజాయి విషయంలో మాత్రం, బయటి నుంచి వచ్చిన పెట్టుబడిదారుడి పేరు ఏ కాగితం మీదా కనపడదు. కౌలు ఒప్పందం ఉండదు, రసీదు ఉండదు. మొక్క ఉండేది గిరిజనుడి పోడులోనో, అడవి భూమిలోనో. పోలీసులు వచ్చిన రోజున ఆ మడిలో దొరికేది కలుపు తీస్తున్న మనిషి. సాగు చేసినందుకు మత్తు పదార్థాల నిరోధానికి ఉన్న ఎన్‌డీపీఎస్ చట్టంలో పదేళ్ల వరకు జైలు ఉంది. డబ్బు పెట్టినవాడు చెన్నైలోనో కొచ్చిలోనో ఉంటాడు.

గిరిజన రైతు ఎందుకు ఒప్పుకుంటాడు అంటే, జవాబు గంజాయి ధరలో మాత్రమే లేదు. అడ్వాన్సులో ఉంది. వానలకు ముందు ఇంట్లో గింజలు అయిపోయి, పిల్లకు జ్వరం వచ్చి, సంతలో షావుకారు అప్పు పెరిగి ఉన్న రోజుల్లో, ఒక మనిషి ఇంటికే వచ్చి చేతిలో నోట్లు పెడతాడు. విత్తనం అతనే ఇస్తాడు, ఎరువు అతనే తెస్తాడు, పంట అతనే మోయించుకుపోతాడు. రైతు సంతకు వెళ్లి తూకంలో మోసపోవాల్సిన పని లేదు. ఏ బ్యాంకూ ఇవ్వని అప్పు, ఏ మార్కెట్ యార్డూ ఇవ్వని కొనుగోలు హామీ ఈ ఒక్క పంటకే దొరుకుతున్నాయి. వచ్చిన డబ్బులో సింహభాగం కొండ దిగాక చేతులు మారేటప్పుడే పుడుతుందన్నది అందరికీ తెలిసిందే. అయినా చేతికి ముందే వచ్చే కొన్ని వేలకు ఉన్న బలం వేరు.

పరివర్తన ఏం మార్చింది

2021 అక్టోబర్ చివర్లో ఆపరేషన్ పరివర్తన మొదలైంది. 2020 మేలో ఏర్పడిన స్పెషల్ ఎన్‌ఫోర్స్‌మెంట్ బ్యూరో, అందరూ పిలిచే పేరులో సెబ్, జిల్లా పోలీసులు, రెవెన్యూ, గిరిజనాభివృద్ధి సంస్థ ఐటీడీఏ కలిసి దిగాయి. జూన్, జూలై వానలకు వేసిన గంజాయి కోతకు దగ్గర పడే సమయం అది. డ్రోన్లతో మడులు గుర్తించి, కత్తులు, కొడవళ్లతో నరికి, అక్కడికక్కడే కాల్చేశారు. ఆ ఒక్క సీజన్‌లోనే ఏడు వేల ఎకరాలకు పైగా పంట ధ్వంసం చేశామని పోలీసులు ప్రకటించారు.

ఈ ఆపరేషన్‌లో మెచ్చుకోవాల్సిన సంగతి ఎకరాలు కాదు. చాలా ఊళ్లలో అధికారులు ముందు గ్రామసభ పెట్టి, కేసులు ఎలా పడతాయో చెప్పి, ఊరివాళ్లతోనే మొక్కలు పీకించారు. కొన్ని చోట్ల ఆడవాళ్లే ముందుకొచ్చి నరికారు. కొన్ని చోట్ల గొడవలూ అయ్యాయి. మొత్తం మీద, పంట వేసినందుకు ఊరంతా జైలుకు పోకపోవడం, రైతుకు వెనక్కి వచ్చే దారి ఉంచడం తెలివైన పని. పేరుకు తగ్గట్టు పరివర్తన ఏదైనా జరిగిందంటే ఆ గ్రామసభల్లోనే జరిగింది.

తర్వాతి ఏళ్లలో ఆంధ్ర వైపు సాగు బాగా తగ్గింది. ఇప్పుడు నామమాత్రంగా మిగిలిందని ప్రభుత్వం చెబుతోంది, ఉపగ్రహ చిత్రాలు కూడా వాడుతున్నామంటోంది. ఆ మాట నమ్మడానికి కారణాలు ఉన్నాయి. కానీ సాగు పోయాక కూడా విశాఖలో పట్టివేతలు ఆగలేదు. ఎందుకంటే సరుకు ఇప్పుడు సరిహద్దు అవతలి నుంచి వస్తోంది. పోలీసుల ప్రకటనల్లోనే ఒడిశా నుంచి తెస్తుండగా అన్న మాట మామూలైపోయింది. ఇడుక్కిలో నొక్కితే ఇటొచ్చింది, ఇక్కడ నొక్కితే అటెళ్లింది. కప్పల తక్కెడ అంటే ఇదే. ఒక కప్పను పట్టి తక్కెడలో కూచోబెట్టేలోగా ఇంకోటి గెంతుతుంది, తూకం ఎప్పటికీ తేలదు.

ఒడిశా వైపు కూడా ఏమీ చేయట్లేదని కాదు. బలిమెల జలాశయం వల్ల మిగతా నేలతో తెగిపోయిన కటాఫ్ ఏరియాకు 2018 జూలైలో గురుప్రియ వంతెన వచ్చింది. బలగాల క్యాంపులు వెళ్లాయి, పంట ధ్వంసాలు అక్కడా జరుగుతున్నాయి. కానీ రెండు రాష్ట్రాల పోలీసులకు రెండు క్యాలెండర్లు, రెండు రకాల ఒత్తిళ్లు. గంజాయి వ్యాపారికి మాత్రం సీలేరు నదికి ఇటూ అటూ ఒకటే కొండ.

లోడు దిగే దారి

కొండ మీద ఆకు ఆరబెట్టి, గట్టిగా నొక్కి, ప్యాకెట్లు కట్టి, టేపు చుడతారు. అక్కడి నుంచి రోడ్డు దాకా మోత కూలీలు అడవి దారుల్లో నెత్తిన పెట్టుకుని దించుతారు. రోడ్డెక్కాక దాన్ని లోడు అంటారు. లోడుకు ముందు ఒక బైకో కారో ఖాళీగా వెళ్తుంది. పైలటింగ్ అంటారు దాన్ని. పైలట్ పని ఒక్కటే: ముందు చెక్‌పోస్టు ఉంటే వెనక్కి ఫోన్ కొట్టడం. డౌనూరు ఘాట్ దిగి నర్సీపట్నం మీదుగా హైవేకి ఒక దారి, పాడేరు ఘాట్ దిగి చోడవరం మీదుగా ఒకటి, అరకు ఘాట్ దిగి శృంగవరపుకోట, కొత్తవలస మీదుగా ఇంకొకటి. అన్నిటికీ గమ్యం జాతీయ రహదారి 16, లేదంటే విశాఖ రైల్వే స్టేషన్.

ఘాట్ కింద తనిఖీ చూస్తే ఈ పని ఎంత నెమ్మదైనదో అర్థమవుతుంది. తెల్లవారుజామున మంచులో ఒక వ్యాన్ ఆగుతుంది. పైన కూరగాయల ట్రేలు. కానిస్టేబుల్ నాలుగు ట్రేలు దింపి, టార్చి వేసి, లోపలికి వంగి, వ్యాన్ నేలను లాఠీతో కొట్టి చూస్తాడు. ఒక చోట చప్పుడు టంగుమంటుంది, ఇంకో చోట మద్దెలలా డొల్లగా మోగుతుంది. డొల్లగా మోగిందంటే కింద రేకుతో ఇంకో అర ఉన్నట్టు. డ్రైవర్ ముఖం ముందే చెప్పేస్తుందని అంటారు గానీ, చలికి వణికేవాడికీ భయంతో వణికేవాడికీ ఆ వేళ పెద్ద తేడా కనపడదు. ఈలోగా వెనక పాతిక బళ్లు హారన్లు కొడుతుంటాయి. రోజుకు అన్ని వందల బళ్లలో ఏ ఒక్కటి విప్పి చూడాలో ముందుగా సమాచారం ఉంటేనే పని. పెద్ద పట్టివేతల వెనక సాధారణంగా ఉండేది తనిఖీ కాదు, ఒక ఫోన్ కాల్. ఆ కాల్ కొన్నిసార్లు పోటీ వ్యాపారి నుంచే వస్తుంది.

స్టేషన్‌లో ఇంకో రకం. కిరండూల్ వైపు రైళ్లు, హౌరా-చెన్నై లైను రైళ్లు రెండూ వచ్చే స్టేషన్ కాబట్టి, ఇక్కడి నుంచి ఎటు కావాలంటే అటు రైలుంది. ట్రాలీ బ్యాగులో బట్టల మధ్య పొట్లాలు, వాసన రాకుండా పైన నాఫ్తలీన్ ఉండలో కాఫీ పొడో. రైల్వే రక్షణ దళం 2022 నుంచి ఆపరేషన్ నార్కోస్ పేరుతో తనిఖీలు పెంచింది, కుక్కలను దింపింది. బ్యాగు దొరికినా చాలాసార్లు మనిషి దొరకడు. బెర్తు కింద బ్యాగు పెట్టి, వేరే బోగీలో కూచుంటాడు. తనిఖీ జరిగితే నాది కాదంటాడు, జరగకపోతే దిగేముందు వచ్చి తీసుకుంటాడు.

ఇలా దొరికేవాళ్లు ఎవరు? మోత కూలీ, డ్రైవర్, ట్రిప్పుకు ఇంత అని ఒప్పుకుని వచ్చిన కాలేజీ కుర్రాడు, ఒక్కోసారి చంకలో పిల్లతో వచ్చిన తల్లి. పైవాడి పేరు వీళ్లకు తెలియదు. తెలిసేది ఒక ముద్దుపేరు, ఒక ఫోన్ నంబరు, ఆ సిమ్ కూడా వేరొకరిది. గొలుసులో ఒక్కొక్క లింకుకూ పక్క లింకు మాత్రమే తెలిసేలా వ్యాపారాన్ని కట్టారు. పోలీసు దెబ్బ తగిలేది ఎప్పుడూ చివరి లింకుకే. అది తెగిన వారానికి కొత్త లింకు దొరుకుతుంది, ఎందుకంటే ట్రిప్పుకు పది, పదిహేను వేలంటే వచ్చే కుర్రాళ్లకు కొరత లేదు.

చట్టం ఎవరి మీద బరువు పెడుతుంది

ఎన్‌డీపీఎస్ చట్టం 1985 నాటిది. గంజాయి ఒక కిలో లోపు అయితే చిన్న మొత్తం, ఏడాది వరకు జైలు. 20 కిలోలు దాటితే వాణిజ్య మొత్తం, పదేళ్లకు తగ్గకుండా ఇరవై ఏళ్ల వరకు కఠిన శిక్ష, లక్షకు తగ్గని జరిమానా. వాణిజ్య మొత్తం కేసులో సెక్షన్ 37 అడ్డు నిలుస్తుంది. నిందితుడు నేరం చేయలేదని నమ్మడానికి కారణాలున్నాయని, బయటికొస్తే మళ్లీ చేయడని కోర్టుకు నమ్మకం కుదిరితేనే బెయిల్. ఛార్జిషీటుకు కూడా మామూలు గడువు కాకుండా 180 రోజులు ఇస్తారు.

ఈ చట్టం లెక్క అంతా బరువు మీద నడుస్తుంది, పాత్ర మీద కాదు. 25 కిలోలు మోసిన కూలీకీ ఆ 25 కిలోలు కొన్న వ్యాపారికీ కాగితం మీద ఒకటే శిక్ష. కాకపోతే కూలీ దొరుకుతాడు, వ్యాపారి దొరకడు. విశాఖ సెంట్రల్ జైలు ఎప్పుడు చూసినా సామర్థ్యానికి మించి కిక్కిరిసి ఉంటుంది, లోపల పెద్ద వాటా గంజాయి కేసులవాళ్లదే. వాళ్లలో బెయిల్ వచ్చినా జామీను ఇచ్చే మనిషి లేక ఉండిపోయే గిరిజనులు, తమిళం, ఒడియా, మలయాళం తప్ప వేరే మాట రాని పొరుగు రాష్ట్రాల కుర్రాళ్లు ఉంటారు. విచారణ ఏళ్ల తరబడి సాగితే సెక్షన్ 37 ఉన్నా బెయిల్ ఇవ్వవచ్చని సుప్రీంకోర్టు 2023లో చెప్పింది. కానీ ఆ తీర్పును వాడుకోవాలంటే హైకోర్టు దాకా వెళ్లే లాయరు కావాలి.

కఠిన చట్టానికి ఇంకో వైపు ఉంది. శిక్ష ఎంత పెద్దదో, పోలీసులు పాటించాల్సిన పద్ధతి అంత కచ్చితంగా ఉండాలంటాయి కోర్టులు. ఒంటి మీద వెతకాలంటే గెజిటెడ్ అధికారి లేదా మెజిస్ట్రేట్ ముందు వెతికే హక్కు నీకుందని నిందితుడికి చెప్పాలి. శాంపిల్ మెజిస్ట్రేట్ సమక్షంలో తీయాలి. సీలు, తూకం, రిజిస్టరు, ల్యాబ్‌కు పంపిన తేదీ ఒకదానితో ఒకటి కలవాలి. శాంపిల్ దగ్గర తప్పు జరిగినంత మాత్రాన కేసు దానంతటదే కూలిపోదని సుప్రీంకోర్టు 2025 జనవరిలో స్పష్టం చేసింది. అయినా అర్ధరాత్రి ఘాట్ రోడ్డులో టార్చి వెలుతురులో రాసిన పంచనామా, మూడేళ్ల తర్వాత కోర్టులో క్రాస్ ఎగ్జామినేషన్‌కు నిలబడాలి. మధ్యవర్తులుగా సంతకం పెట్టిన వీఆర్వోలు అప్పటికి ఎక్కడెక్కడికో బదిలీ అయిపోయి ఉంటారు.

సరుకు దాచడమూ ఒక తలనొప్పే. 2022లో ఉత్తరప్రదేశ్‌లోని మథురలో, స్టేషన్లలో ఉంచిన 581 కిలోల గంజాయిని ఎలుకలు తినేశాయని పోలీసులు కోర్టుకే చెప్పారు. నవ్వొచ్చే మాటే, కానీ కోడూరు మంట లాంటివి ఎందుకు అవసరమో దీన్నిబట్టి తెలుస్తుంది. పట్టిన గంజాయి స్టేషన్ గదిలో ఎన్నాళ్లుంటే అది మళ్లీ బజారుకు వెళ్లే ప్రమాదం అన్నాళ్లూ ఉంటుంది.

ఏ1 దాకా వెళ్లే దారి

2024లో రాష్ట్రంలో ప్రభుత్వం మారాక సెబ్‌ను రద్దు చేశారు. ఆ ఏడాది నవంబర్‌లో ఈగల్ పేరుతో కొత్త విభాగం వచ్చింది, సమాచారం ఇవ్వడానికి 1972 నంబరు పెట్టారు. ప్రభుత్వం మారినప్పుడల్లా విభాగం పేరు మారడం మంచి అలవాటేమీ కాదు. పాత విభాగంలో ఏళ్ల తరబడి పోగైన పరిచయాలు, ఇన్‌ఫార్మర్ల నమ్మకం కొత్త బోర్డు కింద మళ్లీ మొదటి నుంచి కట్టుకోవాలి. అయితే ఈ దశలో ఒక మార్పు మాత్రం గమనించదగ్గది. కిలోల పక్కన ఆస్తుల మాట వినిపించడం మొదలైంది.

ఎన్‌డీపీఎస్ చట్టంలో ఐదో-ఎ అధ్యాయం చాలా ఏళ్లుగా ఉన్నదే, వాడకమే తక్కువ. అరెస్టుకు ముందు ఆరేళ్లలో నిందితుడు సంపాదించిన ఆస్తికి లెక్క చెప్పలేకపోతే దాన్ని స్తంభింపజేయవచ్చు. అతని పేరున ఉన్నా, భార్య పేరున ఉన్నా, బావమరిది పేరున ఉన్నా. ఆ ఉత్తర్వును 30 రోజుల్లో చెన్నైలోని అధికారి ఖరారు చేయాలి. ఈ పని చెక్‌పోస్టులో లాఠీతో నేల కొట్టడం లాంటిది కాదు. సబ్‌రిజిస్ట్రార్ ఆఫీసులో దస్తావేజులు, బ్యాంకు స్టేట్‌మెంట్లు, యూపీఐ లావాదేవీలు వరసగా చదివే గుమాస్తా పని. టీవీకి చూపించడానికి మంట ఉండదు, బస్తాలు ఉండవు. కానీ ఏ1కు భయం కలిగేది ఇక్కడే. లోడు పోతే అతనికి నష్టం ఒక ట్రిప్పు. విశాఖ మధురవాడలో కట్టుకున్న ఇల్లు జప్తు అయితే నష్టం వేరు, బంధువుల్లో పరువు కూడా పోతుంది.

దీనికితోడు రెండు కత్తులు ప్రభుత్వం చేతిలో ఉన్నాయి. భారతీయ న్యాయ సంహితలో 111వ సెక్షన్ వ్యవస్థీకృత నేరాన్ని విడిగా నిర్వచించింది, అందులో మాదకద్రవ్యాల రవాణా కూడా ఉంది. 1988 నాటి పిట్ ఎన్‌డీపీఎస్ చట్టం కింద పదే పదే దొరికేవాళ్లను విచారణ లేకుండా ఏడాది వరకు నిర్బంధించవచ్చు. ఈ రెండో కత్తిని ఆచితూచి దూయాలి. ఆస్తుల కూపీ లాగడం కష్టమనిపించినప్పుడల్లా నిర్బంధ ఉత్తర్వు రాసేయడం సులువు కాబట్టి, అది కూడా చివరికి చిన్న చేపల మీదే పడే ప్రమాదం ఉంది.

సైన్యంలా దండెత్తితే ఏ1 దొరుకుతాడా అంటే, ఈ మధ్య జవాబు రియో డి జనీరో నుంచి వచ్చింది. 2025 అక్టోబర్ 28న అక్కడ సుమారు 2,500 మంది పోలీసులు రెండు మురికివాడల సముదాయాల మీదికి వెళ్లారు. 120 మందికి పైగా చనిపోయారు. ఎవరి కోసం వెళ్లారో ఆ ముఠా నాయకుడు తప్పించుకున్నాడు. భాష పోర్చుగీసు గానీ, మన పేపర్లో చివరి వాక్యమే.

బ్రెజిల్ పేరుతో విశాఖకు ఇంకో జ్ఞాపకం ఉంది. 2024 మార్చిలో, ఎన్నికల కోడ్ వచ్చిన వారంలోనే, సాంటోస్ రేవు నుంచి వచ్చిన కంటైనర్‌ను ఇంటర్‌పోల్ సమాచారంతో సీబీఐ ఇక్కడ ఆపింది. ఎండు ఈస్ట్ అని రాసి ఉన్న 25,000 కిలోలు. ప్రాథమిక పరీక్షలో అనుమానం వచ్చిందో లేదో, వేల కోట్ల డ్రగ్స్ అంటూ టీవీలు హోరెత్తాయి, పార్టీలు ఒకదాని మీద ఒకటి వేలు చూపించుకున్నాయి. కిట్ పరీక్ష అనుమానానికి ఆధారమే గానీ నేరానికి రుజువు కాదన్న చిన్న మాట ఆ గోలలో ఎవరికీ వినపడలేదు. కొండ మీది గంజాయికి ఏ పార్టీ కూడా అంత గొంతు ఎప్పుడూ ఖర్చు పెట్టలేదు.

కాఫీ తోట పెరిగే వేగం

గంజాయి బదులు ఏం వేయాలన్న ప్రశ్నకు మన్యంలో జవాబు ఎప్పటి నుంచో ఉంది: కాఫీ. సిల్వర్ ఓక్ నీడలో కాఫీ, ఆ చెట్టుకే పాకే మిరియం. 2019లో అరకు అరబికాకు భౌగోళిక గుర్తింపు వచ్చింది. దీనితోపాటు చింతపల్లి రాజ్మా, పిప్పళ్లు, పాడేరు పసుపు. కొనడానికి విశాఖ కేంద్రంగా పనిచేసే గిరిజన సహకార సంస్థ ఉంది.

చిక్కు టైములో ఉంది. గంజాయి ఆరేడు నెలల పంట. కాఫీ మొక్క నాటితే మొదటి కాయ చూడడానికి మూడు, నాలుగేళ్లు. ఆ మూడేళ్లు ఇల్లు గడవాలి. మొక్కలు ఉచితంగా పంచిన ఫొటోలు చాలానే ఉన్నాయి, ఆ మూడేళ్లకు రైతు చేతిలో ఖర్చులకు డబ్బు పెట్టిన పథకం అంత గట్టిగా కనపడదు. అడ్వాన్స్ ఇచ్చే వ్యాపారితో పోటీ పడాలంటే ప్రభుత్వం కూడా అడ్వాన్స్ ఇవ్వాలి, అదీ వానలకు ముందు, ఇంటి గడప దగ్గర.

అదృష్టం కొంత కలిసొచ్చింది. బ్రెజిల్‌లో కరువు వల్ల 2025 మొదట్లో ప్రపంచ మార్కెట్లో అరబికా ధర రికార్డు స్థాయికి పోయింది, ఆ గాలి కొంత మన్యానికీ తగిలింది. పోలీసు ఆపరేషన్‌కు ఆ ధర చేసిన సాయం ఎవరి ప్రెస్‌నోట్‌లోనూ ఉండదు. కానీ ధర దిగినా, తెగులు తగిలినా ఆ సాయం అంతే వేగంగా పోతుంది. 2025 ఆగస్టులో అరకు ప్రాంతంలో కాఫీ కాయ తొలిచే పురుగు కనపడింది, కొన్ని తోటల్లో కాయలన్నీ కోసి నాశనం చేయాల్సి వచ్చింది. అలా తోట పోయిన రైతు గుమ్మంలోకి ముందు ఎవరు వచ్చి నిలబడతారన్నది పోలీసు ప్రశ్న కూడా.

థాయ్‌లాండ్ ఉత్తర కొండల్లో నల్లమందు సాగు మీద ఇలాంటి పనే జరిగింది. అక్కడ 1969లో రాయల్ ప్రాజెక్టు పేరుతో కాఫీ, కూరగాయలు, పళ్లు మొదలుపెట్టారు, రోడ్లు, కొనుగోలు కేంద్రాలు కట్టారు. పంట నరకడం గట్టిగా మొదలైంది 1980ల్లో, వేరే ఆదాయం కాస్త కుదురుకున్నాక. నల్లమందు దాదాపు మాయమవడానికి మొత్తం మీద మూడు దశాబ్దాలు పట్టింది. మన దగ్గర వరస తిరగబడింది. ముందు నరికాం, తర్వాత ఏం వేయాలో వెతుక్కుంటున్నాం.

ఊళ్లో కొనేవాళ్లు

విశాఖ ఒకప్పుడు లోడు దాటిపోయే ఊరు మాత్రమే. ఇప్పుడు కొంత సరుకు ఇక్కడే దిగుతోంది. ఐదు, పది గ్రాముల పొట్లాలుగా కాలేజీల చుట్టూ, హాస్టళ్ల దగ్గర, బీచ్ రోడ్డు చీకటి చివర్లలో. పాన్‌షాపుల్లో చుట్టుకునే కాగితం అడిగితే దొరుకుతుంది. డ్రగ్స్ వద్దు బ్రో అన్న పోస్టర్లు, కాలేజీల్లో ఈగల్ క్లబ్బులు వచ్చాయి, ర్యాలీలు జరుగుతున్నాయి. ర్యాలీలో ప్లకార్డు పట్టుకున్న కుర్రాడికి అవసరమైన సమాచారం వేరే ఉంది. అలవాటు పడినవాడు తనంతట తాను చికిత్సకు వెళ్తే, వాడుక కేసుల్లోనూ చిన్న మొత్తం కేసుల్లోనూ విచారణ నుంచి మినహాయింపు పొందే వీలు చట్టంలోనే 64ఎ సెక్షన్‌గా ఉంది. వాల్తేరు ప్రభుత్వ మానసిక వైద్యశాలలో డీ-అడిక్షన్ వైద్యం ఉంది. ఆ గేటు లోపలికి వెళ్తే పిచ్చాసుపత్రికి వెళ్లాడన్న పేరొస్తుందని తల్లిదండ్రులు కొడుకును ఊరవతల ప్రైవేటు సెంటర్‌కు తీసుకెళ్తారు, లేదంటే పెళ్లి చేస్తే సర్దుకుంటాడని ఊరుకుంటారు.

ఇప్పటికైనా పోలీసు విభాగాలు ఏడాది చివర పెట్టే ప్రెస్‌మీట్‌లో కిలోలు, ఎకరాలు, అరెస్టులతో పాటు ఇంకో మూడు అంకెలు చదివితే బాగుంటుంది. పరారీలో ఉన్న ఏ1లలో ఎంతమంది దొరికారు, జప్తు ఉత్తర్వుల్లో ఎన్ని ఖరారయ్యాయి, వాణిజ్య మొత్తం కేసుల్లో ఎన్నిట్లో శిక్ష పడింది. ఈ లెక్కలు ఫైళ్లలో ఉన్నవే, కొత్తగా సర్వే చేయాల్సిన పని లేదు.

గంజాయి గింజ జూన్ మొదటి వానలకు నేలలో పడుతుంది. మొక్క కాస్త ఎదిగి, ఆకుల రంగు తేడా పైనుంచి తెలిసేసరికి సెప్టెంబర్ దాటుతుంది. డ్రోన్లు అప్పుడు ఎగురుతాయి. అడ్వాన్స్ ఇచ్చే మనిషి మే నెలలోనే కొండెక్కి దిగిపోయి ఉంటాడు.